సగంలో చినిగిన సంపాదకీయం

మొన్న జగిత్యాల బస్టాండులో మిర్చి బజ్జీలు కట్టిన కాగితం నుంచి నూనె, సిరా కలిసిన వాసన రాగానే నాన్న పత్రిక గుర్తొచ్చింది.

నాన్న పక్షపత్రిక నడిపేవాడు. పాత పద్ధతులే మేలని, తుపాకీతో న్యాయం రాదని ప్రతి సంచికలో అడవిలోని అన్నలకు పాఠం చెప్పేవాడు. ఊళ్లో ప్రతి బజ్జీ మా పత్రికలోనే చుట్టి వచ్చేది కనుక, దానంత అమ్ముడుపోయే పత్రిక దేశంలోనే లేదని చిన్నప్పుడు నా నమ్మకం.

ఒక పొద్దున తువ్వాలు కింద తుపాకీ దాచుకుని ఒకతను ఇంటికొచ్చాడు. అమ్మ నన్ను కొంగు చాటుకు లాక్కుంది. అతను నూనె మరకల కాగితం ఒకటి చాపాడు.

“సారూ, మమ్ముల తిట్టింది నువ్వేనా?”

“నేనే,” అన్నాడు నాన్న. గొంతు మాత్రం అరువు తెచ్చుకున్నట్టుంది.

“బజ్జీలోడు సగంల చింపిండు. మిగతది ఏది?”

నాన్న కొత్త ప్రతి ఇచ్చాడు. అతను నిలబడే చివరిదాకా చదివాడు.

“అంత తప్పే రాసినవ్. గని ఆపబుద్ధి గాలేదు,” అని వెళ్లిపోయాడు.

నాన్న అమ్మ వైపు తిరిగాడు. అమ్ముడుపోని ప్రతులను బజ్జీల కొట్టుకు తూకానికి అమ్మేది ఆమేనని నాకప్పుడు అర్థమైంది. ఇక గొడవే అనుకున్నాను.

“గా బజ్జీలోనికి చెప్పు, సంపాదకీయం మీదికెల్లి చింపద్దని,” అన్నాడు నాన్న.

ఇప్పుడు నేనూ పత్రికలకు రాస్తున్నాను. మెచ్చుకునేవాళ్లు చాలామందే ఉన్నారు. చివరిదాకా చదివినవాడు మాత్రం ఇంకా మా ఇంటికి రాలేదు.