అన్నా అంటే ఎవరు

ప్రపంచకప్ దగ్గర పడుతోందని ఖతర్ అంతా తవ్విపోస్తున్న రోజుల్లో కంపెనీ నన్ను సైటు నుంచి తీసి కారులో కూర్చోబెట్టింది. లైసెన్సు ఉన్న పాపానికి. అప్పటిదాకా స్టేడియం పనిలో సెంట్రింగ్ చెక్కలు అందించేవాణ్ణి. ఇప్పుడు తిప్పాల్సిన మనిషి బ్రెజిల్ నుంచి వచ్చిన ఒకప్పటి ఫుట్‌బాల్ ఆటగాడు. దేశదేశాల క్లబ్బులు తిరిగి, చివరికి ఇక్కడ ఆడుతుండగా మోకాలు పాడై ఆట మానేశాడు. అల్ వక్రాలో పిల్లలకు ఆట నేర్పేవాడు.

ఇంటికి ఫోన్ చేసి గొప్పగా చెప్పుకుంటే మా బామ్మర్ది "ఎన్ని గోల్స్ కొట్టిండు బావా?" అన్నాడు. మర్నాడు ఆయన్నే అడిగాను. తల గోక్కుని "చాలా తక్కువ" అన్నాడు. ఆయన ఆడింది మైదానం మధ్యలోనట. ఎదుటివాళ్ల దగ్గర బంతి లాక్కుని ముందున్నవాడికి అందించడమే పని. బామ్మర్దికి ఆ సంగతి చెప్తే పకపకా నవ్వాడు. "గోల్స్ కొట్టనోడు ఏం ఆటగాడు? దుబాయ్‌ల నీకు గిసొంటోడే దొరికిండా?" మా ఊరివాళ్లకు గల్ఫ్ అంతా దుబాయే. నాకు ఒళ్లు మండింది. అందించేవాడంటే లోకువ కట్టేవాళ్లను నేను సైటులోనే చాలామందిని చూశాను.

ఆయనకూ నాకూ వచ్చిన ఇంగ్లీషు అంతంతమాత్రం. అయినా కబుర్లు సాగేవి. ఒకరోజు నేను ఫోన్‌లో పాత లేబర్ క్యాంపు మనిషితో అన్నా, అన్నా అంటూ మాట్లాడటం విని, పెట్టేశాక అడిగాడు.

"అన్నా ఎవరు? నీ భార్యా?"

వాళ్ల దేశంలో అది ఆడవాళ్ల పేరట. నవ్వాపుకోలేక కారు పక్కకు తీశాను. మనకంటే పెద్దవాణ్ణి అలా పిలుస్తామని, ముక్కూమొహం తెలియనివాడైనా సరేనని చెప్పాను. ఆయన తలూపి, "మరి నిన్నెవరు అలా పిలుస్తారు?" అన్నాడు.

నా నవ్వు ఆగిపోయింది. పిలిచే కుర్రాళ్లంతా క్యాంపులోనే ఉండిపోయారు. నాకు అల్ మన్సూరాలో గది ఇచ్చారు. అక్కడ వాచ్‌మన్ దగ్గర్నుంచి కిరాణా కొట్టువాడి దాకా అందరికీ నేను డ్రైవర్నే. సైటు కంటే పని తేలికే, ఏసీలో కూర్చోవడమే. కానీ అంత ఒంటరితనం నేను ఎండలో ఎప్పుడూ ఎరగను.

అంతలో కొత్త స్టేడియంలో పాత ఆటగాళ్లతో సరదా మ్యాచ్ పెడుతున్నారని తెలిసింది. నేను చెక్కలు మోసిన స్టేడియమే. ఆయన కాంట్రాక్టు అయిపోవస్తోంది. ఊరికి వెళ్లేలోపు ఒక్కసారి, కాసేపైనా, నిండు మైదానంలో ఆడాలన్నాడు. మోకాలికి పట్టీ కట్టుకుని రోజూ సముద్రం ఒడ్డున పరుగెత్తేవాడు. కారులో ఎవరి ఫోన్ మోగినా ముందు తనదే తీసి చూసుకునేవాడు. ఆయన కోసం నేనూ దేవుడికి దండం పెట్టుకున్నాను.

పిలుపు వచ్చింది, కానీ గ్యాలరీలో కూర్చోడానికి. ఆయన వెళ్లాడు. నేను పార్కింగులో ఉండిపోయాను. లోపల్నుంచి జనం అరుపులు వినిపిస్తూనే ఉన్నాయి. ఆట సగంలోనే ఆయన బయటికి వచ్చేశాడు. ఎప్పుడూ వెనక కూర్చునేవాడు ఆ రోజు నా పక్క తలుపు తీసి ముందు కూర్చున్నాడు. మోకాలి పట్టీ ప్యాంటు కింద ఉబ్బెత్తుగా కనిపిస్తోంది. ఆశ చావక కట్టుకునే వచ్చాడు.

"ఆడటానికి గోల్స్ కొట్టినవాళ్లనే పిలిచారు" అన్నాడు.

"ఈ స్టేడియం కట్టినోళ్లనూ పిలువలే" అన్నాను. ఆయన నా వైపు తిరిగి చూశాడు. తర్వాత బెల్టు పెట్టుకున్నాడు.

"పోదాం, అన్నా."

ఆయన నాకంటే పెద్ద. తమ్ముడూ అనాలి. నేను సరిదిద్దలేదు.