పైన్ చెట్టుకి వేసిన మందు

నా చిన్నప్పుడు మా నాన్న ఒక చెట్టుని చంపాడు. ఆ పనిలో నేను సీసా పట్టుకుని పక్కనే నిలబడ్డాను. ఇప్పుడు నాకు అరవై దగ్గరపడుతున్నాయి, ఆయన పోయి కూడా చాలా ఏళ్ళయింది. అయినా ఆ ఎండాకాలం గుర్తొస్తే నోరు చేదెక్కుతుంది.

మేం అప్పుడు కాలిఫోర్నియాలో సముద్రపొడ్డున, కొండవాలు మీద ఉన్న ఒక చిన్న ఊళ్ళో ఉండేవాళ్ళం. నాన్న అక్కడి ఆసుపత్రిలో డాక్టరు. ఊరు మొత్తానికి తెలుగు మాట్లాడే ఇల్లు మాదొక్కటే. ఎటు చూసినా పైన్ చెట్లుండేవి. అవి ఎవరో తెచ్చి నాటినవి కావు, ఇళ్ళు రాకముందు నుంచీ ఆ ఒడ్డున వాటంతటవి పుట్టి పెరిగినవి. ఎండాకాలం అక్కడ చినుకు పడదు. తెల్లవారేసరికి సముద్రం మీంచి పొగమంచు వచ్చి ఆ సూదుల్లాంటి ఆకులకు పట్టుకుని, బొట్లు బొట్లుగా కిందికి రాలేది. ఊరంతా పొడిగా ఉన్నా పైన్ కింద నేల మాత్రం తడిసి ఉండేది.

ఇవన్నీ నాకు చూపించింది పక్కింటి మామ్మ. ఆవిడ అమెరికన్. బడిలో చాలాకాలం పాఠాలు చెప్పి మానేసి, ఒంటరిగా ఉండేది. మామ్మ అని పిలవమని నాకు అమ్మే నేర్పింది. అర్థం తెలిశాక ఆవిడ తెగ మురిసిపోయింది. మంచి ఎండకాసిన రోజున నన్ను ఒక పైన్ చెట్టు కింద కూర్చోబెట్టి, "విను, విను" అనేది. ఏళ్ళ తరబడి మూసుకుని ఉన్న పైన్ కాయలు ఆ వేడికి చిటచిటమంటూ విచ్చుకునేవి. ఆ చెట్టు మా రెండిళ్ళ మధ్య, మా వైపు నాలుగడుగులు లోపలికి ఉండేది. స్థలం మాదే గానీ ఆవిడ కుర్చీ ఎప్పుడూ దాని నీడలోనే ఉండేది.

నాన్నకి మాత్రం ఆ చెట్టు కంట్లో నలుసు. మా హాల్లోంచి చూస్తే సముద్రానికి సరిగ్గా అడ్డం. వీకెండ్లకి దూరపు సిటీ నుంచి స్నేహితులు కుటుంబాలతో వచ్చేవాళ్ళు. వాళ్ళలో ఒక అంకుల్ ప్రతిసారీ కిటికీ దగ్గర నిలబడి, "డాక్టర్ గారూ, బీచ్ పక్కన ఇల్లు కొని చెట్టుని చూస్తూ కూర్చున్నారేంటండీ!" అని నవ్వేవాడు. నాన్న కూడా నవ్వేవాడు. వాళ్ళ కారు మలుపు తిరిగాక తలుపులు దడేలుమని వేసేవాడు. కొట్టేయడానికి ఊరి ఆఫీసులో పర్మిషన్ అడిగితే, ఆరోగ్యంగా ఉన్న చెట్టుని, అందులోనూ ఈ నేలలో పుట్టిన జాతి చెట్టుని కొట్టడం కుదరదన్నారు.

ఒక శనివారం మధ్యాహ్నం మామ్మ ఊళ్ళో లేదు. అమ్మ నిద్రపోతోంది. నాన్న నన్ను మెల్లగా పిలిచి, "చెట్టుకి ఒంట్లో బాగాలేదు, మందు వేద్దాం రా" అన్నాడు. డ్రిల్లుతో మొదలు చుట్టూ, నేలకి దగ్గరగా, ఏటవాలుగా కన్నాలు పెట్టాడు. నేను సీసా అందించాను. ఒక్కో కన్నంలో పోసి, కొవ్వొత్తి మైనంతో మూసి, పైన మట్టి రుద్దాడు. ఎవరికీ చెప్పకు, పర్మిషన్ లేకుండా మందు వేశామని కోప్పడతారు అన్నాడు. రోగులకు మందిచ్చే మా నాన్న చెట్టుకీ మందిస్తున్నాడని, నేనాయనకి నర్సునని, ఎంత గర్వపడ్డానో!

కొన్ని వారాలకి చిటారు కొమ్మలు ఎర్రబారాయి. మాను మీంచి బంక పచ్చగా, చీములా కారడం మొదలైంది. దాంట్లో ఈగలు, పురుగులు అంటుకుని కొట్టుకునేవి. దగ్గరికి వెళితే వాంతొచ్చినట్టు ఉండేది. "మందు పనిచేయట్లేదా నాన్నా?" అని అడిగేదాన్ని. "టైమ్ పడుతుందమ్మా" అనేవాడు. ఆ కారే బంకకి ఎదురుగా కుర్చీ వేసుకుని కాఫీ తాగేవాడు.

చివరికి ఊరి మనుషులొచ్చి చూసి, ఎండిపోయిన చెట్టు ఇళ్ళ మీద పడుతుందని కొట్టేశారు. మోకాలెత్తు మోడు మిగిలింది. హాల్లోకి సముద్రం వచ్చేసింది. ఆ సాయంత్రం నాన్న స్నేహితులందరికీ ఫోన్లు చేశాడు. దాచడమెందుకు, నాకూ బాగానే ఉంది. కిటికీలో కూర్చుని పడవలు లెక్కపెట్టాను. అది తలుచుకుంటే నా మీద నాకే రోత.

మర్నాడు పొద్దున మామ్మ వచ్చింది. లోపలికి రమ్మన్నా రాకుండా గుమ్మంలోనే నిలబడింది. కళ్ళు వాచిపోయి ఉన్నాయి. చెట్టు కొట్టినవాళ్ళలో ఒకతను, ఎండాకాలం నీళ్ళు ఎక్కువైతే ఈ పైన్‌ల వేళ్ళు కుళ్ళిపోతాయని చెప్పాడట. ఆవిడ ఆ ఏడాది చెట్టు పక్కనే ఉన్న తన పూలమొక్కలకి రోజూ నీళ్ళు పెట్టింది.

"నా నీళ్ళే దాన్ని చంపాయి డాక్టర్. నాకు తెలియాల్సింది. మీ చెట్టుని నేను చంపేశాను. ఐ యామ్ సో సారీ" అంది.

నాన్న ఆవిడ భుజం మీద చెయ్యి వేశాడు. చనిపోయిన రోగుల బంధువులతో మాట్లాడేటప్పటి గొంతుతో, "మీరు బాధపడకండి. తెలియక చేశారు. ఇట్స్ ఓకే" అన్నాడు.

నాకు నిజంగా అర్థం కాలేదు. "నాన్నా, మరి మనం మందు వేశాం కదా? నీళ్ళ వల్ల ఎందుకు చచ్చిపోతుంది?" అని తెలుగులో అడిగాను.

ఆయన నావైపు తిరిగాడు. చెయ్యి ఆవిడ భుజం మీదే ఉంది, మొహం మీద చిరునవ్వూ అలాగే ఉంది. "ఇంకొక్క మాట మాట్లాడావంటే పళ్ళు రాలగొడతా. లోపలికి పో" అన్నాడు, ఎంతో మెత్తగా. నన్ను ఓదారుస్తున్నాడనుకుంది కాబోలు, మామ్మ కళ్ళు తుడుచుకుంటూ నన్ను చూసి నవ్వింది. అప్పుడే అర్థమైంది నాకు, అది ఏ మందో.

అమ్మ అట్లకాడతో వంటింటి గుమ్మంలో నిలబడి ఉంది. "ఏం మందు?" అంది.

"ఏం లేదు. దోసె మాడుతోంది చూడు" అన్నాడు నాన్న.

అమ్మ లోపలికి వెళ్ళి స్టవ్ ఆపింది. తిరిగొచ్చి నా చెయ్యి పట్టుకుని, "ఎక్కడ వేశారో చూపించవే" అంది. మోడు దగ్గరికి తీసుకెళ్ళి చూపించాను. అమ్మ కింద కూర్చుని అట్లకాడతో మట్టి గీకింది. మైనం పెళ్ళలుగా ఊడి వచ్చింది. కన్నంలోంచి ఘాటుగా మందు వాసన కొట్టింది. ఇంకొకటి గీకింది, ఆ పక్కది గీకింది. తర్వాత లేచి గుమ్మం వైపు చూసి, "మామ్మా, కమ్" అని పిలిచింది.

అమ్మకి ఇంగ్లీషు అంతంతమాత్రం. మామ్మ వేలు పట్టుకుని ఒక కన్నం అంచు తడిమించింది. "నాట్ యూ. నాట్ వాటర్" అంది. తన గుండె మీద చెయ్యి వేసుకుని, "అవర్ హౌస్. వియ్ డిడ్" అంది.

మామ్మ చాలాసేపు ఆ కన్నాల్నే చూసింది. తర్వాత గుమ్మంలో నిలబడ్డ నాన్నని చూసింది. వేలిని తన గౌనుకేసి తుడిచింది, మళ్ళీ తుడిచింది. ఆ తర్వాత, ఆయన చెయ్యి వేసిన భుజాన్ని కూడా తుడుచుకుంది. అమ్మకి థాంక్స్ చెప్పి, తన కుర్చీ తీసుకుని వెళ్ళిపోయింది.

నాన్న అరిచాడు. ఊళ్ళో తన పరువు తీసిందన్నాడు. అమ్మ అంతా విని, గొంతు పెంచకుండా చెప్పింది. "చెట్టుని చంపారని కోపమొచ్చిందండీ. దానికైతే నాలుగు తిట్టి ఊరుకునేదాన్ని. ఆవిడ ఏడుస్తూ సారీ చెబితే హాయిగా తీసుకున్నారు చూడండి, అది చూసి నాకు డోకొచ్చింది."

మామ్మ ఊరి ఆఫీసులో చెప్పింది. అదే జాతి పైన్ మొక్కలు నాటి బతికించమని నాన్నకి చెప్పారు. నాటాడు, తిట్టుకుంటూ. వాటికి నీళ్ళు పోసిందంతా అమ్మే. మామ్మ మళ్ళీ మా గడప తొక్కలేదు. కంచె దగ్గర నన్నూ అమ్మనీ పలకరించేది గానీ, "విను, విను" అని నన్ను మరి పిలవలేదు. నేనూ అడగలేకపోయాను. సీసా అందించింది నేనే కదా.

ఇప్పటికీ ఎవరైనా నాకు సారీ చెబితే నేను వెంటనే పర్లేదు అనలేను. ఒక క్షణం ఆగి, ఆ తప్పు నిజంగా వాళ్ళదేనా, నాదా అని వెనక్కి వెళ్ళి చూసుకుంటాను. నా మౌనం చూసి గర్విష్ఠినని అనుకున్నవాళ్ళున్నారు. మొన్న మా అమ్మాయి, "ఆ అపాయింట్‌మెంట్ నేనే మర్చిపోయాను, సారీ అమ్మా" అంటూ ఫోన్ చేసింది. వంట హడావిడిలో ఉండి, ఆ ఒక్కసారి ఆగకుండా అవునులే అని పెట్టేశాను. అన్నానికి కూర్చున్నాక గుర్తొచ్చింది, దానికి తారీఖు తప్పు చెప్పింది నేనే. ఎంగిలి చేత్తోనే లేచి ఫోన్ చేశాను. దానికిది చిన్న విషయమే, నవ్వేసింది. నాకు మాత్రం, నీదేం లేదు, తప్పు నాదే అని చెప్పాక గానీ ముద్ద దిగలేదు.