మొదటి సోడా ఎవరికి?

నా చిన్నప్పుడు మా తాతయ్యకు ఒక వింత పద్ధతి ఉండేది. ఏ ఆటలోనైనా ఓడిపోయి వచ్చినవాళ్ళకే ఆయన మొదటి గోలీసోడా కొనిపెట్టేవారు. గెలిచినవాళ్ళు ఆ తర్వాతే తాగాలి. ఇదెక్కడి న్యాయమని మా అన్నయ్య మూతి ముడుచుకునేవాడు.

నాకప్పుడు పదేళ్ళుంటాయి. బడిలో ఖోఖో పోటీ చివర్లో నేను కాలు జారి దొరికిపోయాను. దాంతో మా జట్టు ఓడిపోయింది. తోటి పిల్లలు నాతో మాటైనా మాట్లాడకుండా ఇళ్ళకు వెళ్ళిపోయారు. ఇక జన్మలో ఆడనని అన్నం దగ్గర కూర్చుని మొండికేశాను. మొండితనంలో మా ఇంట్లో నన్ను మించినవాళ్ళు తాతయ్య ఒక్కరే. ఆయన బుజ్జగించలేదు, తిట్టలేదు. చెప్పులేసుకుని నన్ను సోడా కొట్టుకు తీసుకెళ్ళారు.

అక్కడ బల్లమీద కూర్చోబెట్టి తన కాలేజీ ఫుట్‌బాల్ జట్టు సంగతి చెప్పారు. మొదటి ప్రపంచయుద్ధానికి ముందటి మాట. అవతలివాళ్ళకు బూట్లుండేవి. వీళ్ళవి ఉత్తి కాళ్ళు, గోచీ పోసి కట్టిన పంచెలు. వానకు తడిసిన తోలుబంతి రాయిలా తగిలేదట. తాతయ్య గోల్ కీపర్. ఆ ఏడు ఆడిన ఆటలన్నీ ఓడిపోయారు. ఓడిన ప్రతిసారీ కెప్టెన్ సోడా కొట్టించి, అందరికంటే ముందు తాతయ్యకే ఇచ్చేవాడట. గోల్స్ వదిలేసినవాడికి ఈ మర్యాదేమిటని తాతయ్య సిగ్గుతో చచ్చిపోయేవారట. ఆఖరి ఆట అయ్యాక మానేస్తానని చెప్పేశారు కూడా.

ఆ ఆఖరి ఆటలో తాతయ్య వచ్చిన బంతినల్లా ఆపారు, ఒక్కటి తప్ప. దాన్ని సమం చేసే అవకాశం కెప్టెన్‌కు వచ్చింది. ఎదురుగా ఎవరూ లేరు. అయినా బంతిని పైకి తన్నేశాడు. ఆట ముగిసింది. కెప్టెన్ మైదానంలోనే కూలబడ్డాడు. కోపంతో ఎవరూ దగ్గరికి పోలేదు. తాతయ్యే సోడా కొట్టించుకుని పరుగెత్తారట.

మరి ఆ తర్వాత ఆట మానేశారా అని అడిగాను.

"నేను మానేస్తే వాడికి సోడా ఇచ్చేదెవరమ్మా?" అన్నారు తాతయ్య.

సోడా ఘాటుకు కళ్ళు చెమర్చాయని చెప్పుకున్నాను. మర్నాడు ఎవరూ పిలవకుండానే ఖోఖోకు వెళ్ళాను.

ఇప్పుడు పరాయి దేశంలో, కెల్లీవిల్ అనే ఊళ్ళో మా అమ్మాయి ఇంట్లో ఉంటున్నాను. మనవరాలు కూడా గోల్ కీపరే, ఎవరి పోలికో మరి! ఇక్కడ పిల్లల ఆట సగమయ్యాక నారింజ ముక్కలు పంచుతారు, ఒక్కో వారం ఒక్కో ఇంటి వంతు. మొన్న శనివారం మాది. కార్లో వెళ్తూ మనవరాలు ఈ పూటే ఆఖరు, ఇక ఆడనంది. నేను తాతయ్య కథ మొదలుపెట్టాను. కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చుంది, విన్నదో లేదో.

సగం ఆట అయ్యేసరికి నాలుగు గోల్స్ పోయాయి. డబ్బా తెరిచి మొదటి ముక్క దానికే ఇచ్చాను.

"అమ్మమ్మా, ఐ లెట్ ఇన్ ఫోర్. వై మీ ఫస్ట్?" అంది.

తినమన్నాను, అంతే.

ఆట ఓడిపోయారు. గోల్ ముందు బంతిని పక్కకు తన్నేసిన పిల్ల ఒకతి గడ్డిలో కూర్చుని ఏడుస్తోంది. మనవరాలు నా దగ్గరికొచ్చి డబ్బాలో మిగిలిన ముక్క తీసుకుంది. తనే తింటుందనుకున్నాను. తీసుకెళ్ళి ఆ పిల్ల చేతిలో పెట్టి, పక్కనే కూర్చుంది. నా గుండె నిండిపోయింది. తాతయ్య చూసుంటే ఎంత సంబరపడేవారో!

తిరిగొచ్చేటప్పుడు మానేసే మాటే లేదు. వచ్చే శనివారం నారింజలు ఎవరు తెస్తారని మాత్రం అడిగింది. మన వంతు కాదని మా అమ్మాయి చెబుతూనే ఉంది. వంతు ఎవరిదైతేనేం, నా సంచీలో ఒక నారింజ ఎప్పుడూ ఉంటుంది. ఓడినవాళ్ళకు ముందుగా ఇవ్వడానికి.