మా వీధి ఎమ్మెల్యే హిందీలో మాట్లాడిన రోజు

మా చిన్నప్పుడు... ఆ ఎన్నికల నెలంతా, హిందీవాళ్ల ఊరు పర్సుడీహ్‌లో తెలుగువాళ్లుండే మా వీధి మైదా జిగురు వాసన వేసేది. అమ్మ పెద్ద డేగిసాలో ఉడికించి ఇస్తే, మేం పిల్లలం పోస్టర్లు మోసుకుంటూ తిరిగేవాళ్లం.

పోస్టర్ మీద మా పక్కింటి సింహాచలం బాబాయి! నాన్నతో కలిసి కాంట్రాక్టరు కింద ఠేకా పని చేసి, యూనియన్ లీడరైన మనిషి. మా నియోజకవర్గంలో ఎమ్మెల్యేగా నిలబడ్డ తెలుగువాణ్ణి మేం అంతకుముందు చూడలేదు.

అప్పట్లో మా బడిలో తెలుగు సెక్షన్ మూసేస్తారని మాట వచ్చింది. అమ్మకి అదే బెంగ. ఓ రోజు బాబాయి మా గుమ్మంలో కూర్చుని, చద్దన్నంలో ఉల్లిపాయ నంజుకుంటూ అన్నాడు...

"నాను గెలిత్తే మన తెలుగు క్లాసు ఎవుడు మూత్తాడు వదినా? ఆ పూచీ నాది."

బజారు దాటి ఒంటరిగా వెళ్లి ఎరగని అమ్మ, ఆ మాట పట్టుకుని తెలుగువాళ్ల ఇళ్లన్నీ తిరిగింది. చెప్పులరిగేలా తిరిగింది.

బాబాయి గెలిచాడు... డోళ్లు, గులాల్, మిఠాయిలు. అమ్మ హారతిచ్చి కళ్లు తుడుచుకుంది.

తర్వాతి వేసవి సెలవులయ్యాక బడికి వెళ్తే మా తెలుగు టీచరమ్మ లేరు. మమ్మల్ని హిందీ క్లాసులో కూర్చోమన్నారు.

అమ్మ, మరికొందరు ఆడవాళ్లు మమ్మల్ని వెంటబెట్టుకుని బాబాయి కొత్తింటికి వెళ్లారు. చాలాసేపటికి తెల్ల కుర్తాలో బయటికొచ్చాడు. చుట్టూ నలుగురు హిందీ పెద్దమనుషులు.

"భాభీజీ, ఆప్ లోగ్ సమఝియే..." మీరంతా అర్థం చేసుకోవాలంటూ హిందీలో మొదలుపెట్టాడు.

అమ్మ బిత్తరపోయింది. "నాతో హిందీలో మాటాడతన్నావేటి బాబూ?"

ఆయన పక్కవాళ్ల వైపు ఓసారి చూసి, మళ్లీ హిందీలోనే ఏదో నచ్చజెప్పాడు. ఇంతలో వాళ్లలో ఒకాయన అసలు సంగతి బయటపెట్టేశాడు. తెలుగు పిల్లలందరికీ హిందీ వచ్చు, వేరే సెక్షన్ అక్కర్లేదని బడి మీటింగ్‌లో చెప్పింది మా బాబాయేనట...

అమ్మ మమ్మల్ని లాక్కుని వెనుదిరిగింది. ఇంటికొచ్చి అట్లకాడ తీసుకుని, గోడ మీది పోస్టర్ గీకేసింది. సున్నం కూడా ఊడొచ్చింది. నాన్న ఆపబోతే, "ఓట్లడిగినప్పుడు తెలుగొచ్చింది గదా ఆడికి!" అని ఒక్క అరుపు అరిచింది. అమ్మ అంత గట్టిగా అరవడం నేనెప్పుడూ వినలేదు.

నాకు అప్పటికే తెలుగు అక్షరాలు వచ్చు కాబట్టి ఇలా రాయగలుగుతున్నాను. మా తమ్ముడికి ఆ అదృష్టం లేదు.

మొన్నటి ఎన్నికల్లో బాబాయి మళ్లీ నిలబడ్డాడు, జెండా మార్చి. ఫలితాల రోజు తమ్ముడు ఫోన్ పట్టుకుని పరిగెత్తుకొచ్చాడు.

"మమ్మీ, హార్ గయా! బహుత్ బురా హారా!"

అమ్మ సంతోషిస్తుందనుకున్నాను. పప్పులో రాళ్లేరుతూ తలెత్తకుండా అంది...

"ఓడిపోతే ఓడిపోనీ... నా మనవలకి తెలుగొచ్చేత్తదేటి?"

బయట ఎవరో టపాసులు కాలుస్తున్నారు. మనవలు "దాదీ, దేఖో దేఖో" అంటూ ఆమె చెయ్యి పట్టుకుని లాగుతున్నారు.

ఇప్పుడు మా వీధిలో నాయనమ్మలు తెలుగులో పిలుస్తారు, పిల్లలు హిందీలో పలుకుతారు... మీ వీధి నుంచి కూడా ఎవరైనా గెలిచి వెళ్లారా? వెళ్లాక మిమ్మల్ని ఏ భాషలో పలకరించారు?