తాత వీపు తిప్పి కూర్చున్న పొద్దు

నా చిన్నప్పుడు మాకు ఎండాకాలమంటే సెలవులు కాదు, మందలు. మక్తల్ అవతల మా ఊరి మెట్ట చెలకల్లో జొన్న కోతలు కాగానే, గొర్రెలను తమ నేలలో పడుకోబెట్టమని రైతులు మా ఇంటికి వచ్చేవాళ్లు. మంద పడుకున్న నేలకు వేరే ఎరువు అక్కర్లేదు. ఏ చెలకకు ముందు పోవాలో, దేనికి పోకూడదో చెప్పేది మా బాపు, అంటే మా నాన్న. ఊళ్లో మిగతా మందలు కూడా ఆయన మాటను బట్టే కదిలేవి. ఇప్పుడు కళ్లు మూసుకుంటే ఆ రోజులన్నీ ఎర్రటి దుమ్ములో తేలుతూ వస్తాయి. ఏది నిజంగా చూశానో, ఏది తర్వాత కలగన్నానో విడదీయలేను. ఈ ఒక్క పొద్దు మాత్రం నిజం.

ఆ ఏడు కోతలయ్యాక అకాలంగా ఒక వాన పడింది. కోసిన జొన్న కొయ్యలకు మళ్లీ లేత పిలకలు వచ్చాయి. చూడటానికి ముద్దుగా ఉంటాయి గానీ వాటిలో విషముంటుంది, మేసిన గొర్రె బతకదు. బాపుకు వరసకు చెల్లెలయ్యే వాగవతలి అత్త చెలకలో పిలకలున్నాయని ఎవరో చెప్పగానే, అక్కడికి మంద పోదని బాపు తేల్చేశాడు. అత్తకు మొగుడు లేడు, ఉన్నది ఆ చెలక ఒక్కటే. నిరుడు పంట సరిగా రాలేదు. మా మంద పోకపోతే ఇంకెవరి మందా పోదు. అట్లాగని బాపు చెడ్డవాడేం కాదు. మా మందలో ఊళ్లో చాలామంది గొర్రెలు కలిసి ఉండేవి, వాటికేమన్నా అయితే ఎవరికి ఏం జవాబు చెప్పాలని ఆయన భయం.

అత్త మా వాకిట్లోకి వచ్చి మా తాత ముందు నిలబడింది. ఏడవలేదు గానీ కొంగును వేళ్లకు చుట్టుకుంటూనే ఉంది. నాకు ఆమె అంటే ప్రాణం. కనబడితే చాలు, ఒళ్లో కూర్చోబెట్టుకుని తల దువ్వేది. "తాతా, బాపును పొమ్మని జెప్పు" అని ఆయన దోతి పట్టుకుని గుంజాను. ఇంటికి పెద్ద ఆయనే కదా, ఒక్క మాటంటే అయిపోతుందని నా లెక్క. తాత ఆ మాట అనలేదు. నాకెంత కోపమొచ్చిందో చెప్పలేను. బాపును పిలిచి, "మంద సంగతి నీకే ఎరుక, దాంట్ల నేను అడ్డం రాను. ఆమెను అడిగినవా?" అన్నాడు. అడగడానికేముంది, పిలకలున్నాయి కదా అన్నాడు బాపు. "అయితే నువ్వింక ఏం జెప్పనట్టే. పోయి ఆమె మాట ఇను. ఇన్నంక మళ్ల జెప్పు" అన్నాడు తాత.

మర్నాడు చల్లటి పొద్దున అందరం ఆ చెలకకు పోయాం. తాత గట్టు మీద వాళ్లిద్దరికీ వీపు తిప్పి కూర్చున్నాడు. నన్నూ అటే తిప్పి పక్కన కూర్చోబెట్టుకున్నాడు. ఎందుకని అడిగితే, "నా మొఖం జూస్తే నాకు జెప్తరు బిడ్డా, ఒకరికొకరు జెప్పుకోరు" అన్నాడు మెల్లగా. ఎదురుగా వాగు ఇసుక, దాని మీద లేత ఎండ, ఎక్కడో మా గొర్రెల గంటలు. వెనకనుంచి వాళ్ల మాటలు నిద్రలో వినబడినట్టు వినబడుతున్నాయి. బాపు గొంతు ఒకసారి లేచి మళ్లీ తగ్గింది. మాటలు ఆగిపోయాక తాత వెనక్కి తిరగకుండానే, ఇంకేమన్నా చెప్పేది ఉందా అని అత్తను అడిగాడు. ఆమె, "పిలకలున్నయని నాకూ ఎరుకే కాకా. దున్నుదమంటే ఎద్దు సచ్చిపాయె. ఎవలకు జెప్పుకోవాలె?" అంది.

ఎద్దు పోయిన సంగతి బాపుకు తెలియదు. పిలకలుండగా మంద రాదనే చెప్పాడు, ఆ మాట మారలేదు. కానీ మా ఎద్దులు తోలుకొచ్చి తానే దున్నుతానని, పిలకలు ఎండిపోయాక మంద పెడతానని అన్నాడు. పెట్టాడు కూడా. తాత లేచి దోతికంటిన మట్టి దులుపుకున్నాడు.

తెలంగాణ వచ్చినంక మా దిక్కు చిన్న రైతులం, గొర్ల కాపరులం కలిసి నడుపుకుంటున్న సహకార బ్యాంకుకు ఈమధ్య పైఅధికారుల నుంచి లైసెన్సు రద్దు ఉత్తర్వు వచ్చింది. పాలకవర్గంలో నేనూ ఉన్నాను. మా లోపాలు మాకున్నాయి, అబద్ధమెందుకు. కానీ మా జవాబు వాళ్లు వినలేదు. ఊళ్లవాళ్ల కష్టార్జితమంతా అందులోనే ఉంది, హైకోర్టుకు పోయాం. బ్యాంకు నడవాలా వద్దా తేల్చేది తాను కాదనీ, అది ఆ అధికారుల పనేననీ, అయితే వినకుండా ఇచ్చిన ఉత్తర్వు చెల్లదనీ, మమ్మల్ని పిలిచి విని మళ్లీ నిర్ణయించమనీ జడ్జిగారు చెప్పారు. బయటికి రాగానే మావాళ్లంతా దిగాలుపడ్డారు. "గింత తిరిగి మళ్ల వాళ్ల కాడికేనా పోవుడు?" అని ఒకాయన తల పట్టుకున్నాడు. నాకు మాత్రం గట్టు మీద వీపు తిప్పి కూర్చున్న మా తాత గుర్తొచ్చాడు, అక్కడే కూర్చుండిపోయాను.

అధికారుల ముందు మాట్లాడేది నేనేనని అందరూ అన్నారు, సరేనన్నాను. వాళ్లు విని మళ్లీ కాదంటే ఏడుస్తాను, అయినా ఒప్పుకుంటాను. వినకుండా అన్న మాట మాత్రం ఇంత వయసొచ్చినా నాకు మింగుడు పడదు.