తలుపు తీసేవాడి కోసం

డాక్టరు తాతయ్య పోయారని ఆసుపత్రివాళ్ళు ఫోన్ చేసి రేపటికి నెల. మా అమ్మమ్మ తమ్ముడు. అరవైలలో గుంటూరు నుంచి జర్మనీ వచ్చి ఆకెన్ ఊళ్ళో స్థిరపడ్డారు. మంచివారే కానీ నా ప్రాణం తోడేశారు. కారణం ఒక జర్మన్ మూకీ సినిమా నటుడు.

నౌకరు, జట్కావాడు, జైలు కాపలావాడు. ఆ నటుడికి ఎప్పుడూ అవే వేషాలు. రెండు గంటల సినిమాలో రెండు నిమిషాలు కనిపిస్తాడు. మాటల సినిమాలు వచ్చాక గొంతు పీలగా ఉందని అవీ పోయాయట. చివరికి వృద్ధాశ్రమంలో మంచాన పడితే, అప్పటికి కుర్ర డాక్టరైన తాతయ్య వైద్యం చేశారు. నా సినిమాలు చూశావా అని ఆయన అడిగితే, పోయేవాడి మనసు కష్టపెట్టడమెందుకని అన్నీ చూశానన్నారు. అప్పటికి ఒక్కటీ చూడలేదు. ఆ అబద్ధాన్ని నిజం చేయడానికి జన్మంతా తిరిగారు. చూపు మందగించాక తోడుకు నన్ను పట్టుకున్నారు.

ఆదివారం కాస్త పడుకుందామంటే పొద్దున్నే ఫోన్. రైలు, బస్సు, మళ్ళీ బస్సు. హాల్లో నాకు కునుకు పడితే మోచేత్తో పొడిచేవారు. నేను కళ్ళు తెరిచేలోపు ఆ మహానుభావుడు తెర మీంచి వెళ్ళిపోయేవాడు. నా వీసా పొడిగింపుకు ఆఫీసులో తంటాలుపడి సంపాదించిన టెర్మిన్, అదే అపాయింట్‌మెంట్, రోజే ఒక సినిమా పడింది. టెర్మిన్ మార్చుకోమన్నారు. ఒళ్ళు మండి, తలుపు తీసేవాడి కోసం ఇంత చాదస్తమా అని అడిగేశాను.

"హీరోని అందరూ చూస్తారమ్మాయ్. తలుపు తీసేవోణ్ణి గూడా ఎవరో ఒకరు చూడాలిగా."

ఆఖరికి ఒక్క సినిమా మిగిలింది. ఫ్రాంక్‌ఫర్ట్‌లో ఒకే ఆట. తాతయ్య ఆసుపత్రిలో ఉన్నారు. తన బదులు నన్ను చూసి రమ్మన్నారు. ఫ్రాంక్‌ఫర్ట్ దాకా వెళ్ళాను. విసుగు పుట్టి, స్నేహితురాలి ఇంట్లో బిర్యానీ తిని తిరిగొచ్చాను.

మర్నాడు అడిగితే చూశానన్నాను.

"చివర్లో అయ్యగారికి టోపీ తీశాడా?"

"తీశాడు తాతయ్యా. చాలా బాగా చేశాడు."

నా చెయ్యి నిమిరి నవ్వారు. మూడో రోజు పోయారు.

మొన్న అదే సినిమా కొలోన్‌లో వేస్తే ఒక్కదాన్నే వెళ్ళాను. నిద్ర రాలేదు. ఆ నటుడికి అసలు టోపీయే లేదు. మొదటి నుంచీ బోడి నెత్తే. ఆ సినిమా గురించి దొరికిన ప్రతి కాగితమూ చదివిన మనిషికి ఆ సంగతి తెలియదా? తెలిసే అడిగారు, తెలిసే నవ్వారు. నాలుగు తిట్టినా బాగుండేది. పోతూ పోతూ కూడా నన్ను సతాయించారు.

తెర మీద, పనిలోంచి తీసేసిన ఆ ముసలి నౌకరు వానలో నిలబడ్డాడు. నెత్తి మీంచి నీళ్ళు కారుతున్నా తుడుచుకోకుండా నావైపే చూస్తున్నాడు.