చూశారా, విన్నారా, అనుకున్నారా?

పెద్దాఫీసు మెట్ల కింద ఒక టైపు మిషను, రెండు స్టూళ్లు, ఒక కళ్లజోడావిడ. అర్జీ కొట్టించుకోవాలంటే ఊళ్లో సగం మంది ఆమె దగ్గరికే వస్తారు. వచ్చినవాళ్లలో సగం మంది గొణుక్కుంటూ పోతారు.

దానికి కారణం ఆమె పద్ధతి. వాక్యం చెప్పగానే కొట్టేయదు. మిషను మీద నుంచి చేతులు తీసి, కళ్లజోడు పైనుంచి చూస్తూ అడుగుతుంది: "చూశారా, విన్నారా, అనుకున్నారా?" చూసింది మొదటి పేరాలో పడుతుంది. విన్నది, చెప్పినవాళ్ల పేరుతో సహా రెండో పేరాలో పడుతుంది. అనుకున్నది ఎక్కడా పడదు. "అందరూ అంటున్నారండీ" అంటే, "ఆ అందర్లో ఇద్దరి పేర్లు చెప్పండి" అంటుంది. ఆమె మొగుడైతే ముద్ద నోట్లో పెట్టుకునేదాకా కూర బాగాలేదనడు పాపం.

అలాంటి మనిషీ ఒకసారి బోల్తా పడింది.

ఒక సోమవారం పొద్దున్నే ఆరుగురు తల్లిదండ్రులు వచ్చి మీద పడ్డారు. బడిలో పదకొండు మంది పిల్లలకు వాంతులు. అందరికంటే ముందు నిలబడ్డవాడు ఇన్సూరెన్స్ ఏజెంటు, మాటలతో కోటలు కట్టే రకం.

"కొత్త ఆయా వచ్చి నెలైంది. అంతకుముందు ఒక్క పిల్లకైనా వాంతులయ్యాయా? ఇంకేం రుజువు కావాలండీ? పిల్లల ప్రాణాలు ముఖ్యమా, ఆవిడ ఉద్యోగం ముఖ్యమా? సంతకం పెట్టనివాళ్లకి పిల్లలంటే ప్రేమ లేనట్టే!"

అందరూ తలలూపారు. ఏడ్చి ఏడ్చి కళ్లు వాచిపోయి అతని వెనక నిలబడ్డది టైపావిడ సొంత చెల్లెలు.

"మూడు రోజులైందక్కా, అది మెతుకు ముట్టి. నీ కూతురే కదా. ఆ ఆయాని తీసేయించాల్సిందే."

ఆ ముఖం చూసేసరికి మూడు ప్రశ్నలూ గాలికి పోయాయి. పళ్లు బిగించి టకటకా కొట్టేసింది. ఆయా అంతులేని నిర్లక్ష్యం, పసిప్రాణాలతో చెలగాటం, అన్నీ పడ్డాయి. అది చూసి ఏజెంటే ముక్కున వేలేసుకున్నాడు.

సంతకాలకు ముందు చదివి వినిపించడం ఆమె అలవాటు. మూడో వాక్యం దగ్గర చదవడం ఆపేసింది.

"ఇది నేను చూశానా? లేదు. ఎవరైనా చూసి చెప్పారా? అదీ లేదు. అనుకున్నాను," అంది పైకే. కాగితం లాగి నాలుగు ముక్కలు చేసింది. నలుగురి ముందు ఎదుటివాడి తప్పు పట్టడం ఎవరైనా చేస్తారు. సొంత తప్పు పట్టుకోవడానికి ఎంత గుండె కావాలి!

చెల్లెలు భగ్గుమంది. "నా పిల్ల నీకు పరాయిదైపోయిందా?"

"పరాయిదైతే ఇంత తప్పు చేసేదాన్ని కాదే."

"ఈవిడ ఆయా పక్షమని తేలిపోయింది," అన్నాడు ఏజెంటు.

"నా పక్షం సంగతి తర్వాత చూద్దాం. ముందు జబ్బు పడని పిల్లలెవరో చెప్పండి."

ఆ మాట అప్పటిదాకా ఎవరికీ తట్టలేదు. ఒక్కొక్కరే గుర్తు చేసుకున్నారు. అదే గదిలో, అదే ఆయా చేతుల్లో ఉన్న ఇరవై మంది పిల్లలు నిక్షేపంగా ఉన్నారు. తెలిసినంతవరకు వాళ్లంతా ఇంటి నుంచి నీళ్లు తెచ్చుకునేవాళ్లే.

"మా పిల్ల బడి మెట్ల పక్క కుళాయిలో పట్టుకుంటుంది," అంది చెల్లెలు నెమ్మదిగా.

"చూశావా?"

"రోజూ చూస్తాను."

అర్జీ నాలుగు వరసల్లో అయిపోయింది. జబ్బు నీళ్ల వల్లే వచ్చిందని కూడా ఆమె రాయలేదు. నీళ్లు పరీక్ష చేయించమని, అందాకా ఆ కుళాయి మూయించమని రాసింది. ఇంత చప్పగానా అని సణుగుతూనే ఏజెంటు సంతకం పెట్టాడు.

చెల్లెలు మాత్రం ఇంటికి పోకుండా, మూతి ముడుచుకుని రెండో స్టూలు మీదే కూర్చుంది. మధ్యాహ్నం గోడ పట్టుకుని నడుస్తూ ఒక మనిషి వచ్చింది. ఆ ఆయానే.

"సెలవు చీటీ కొట్టిపెట్టమ్మా. శుక్రవారం నుంచి ఒకటే వాంతులు. రెండు రోజుల్లో వచ్చేస్తానని రాయి, పిల్లలు బెంగ పెట్టుకుంటారు."

చెల్లెలు గబుక్కున లేచి ఆమెను తన స్టూలు మీద కూర్చోబెట్టింది. "బడిలో మీరు ఏ నీళ్లు తాగుతారు?"

"మెట్ల పక్క కుళాయివేనమ్మా. అక్కడ ఇంకేం నీళ్లున్నాయి?"

చీటీ తీసుకుని ఆయా మెల్లగా వెళ్లిపోయింది. ఆమె వీధి మలుపు తిరిగేదాకా చెల్లెలు చూస్తూనే ఉంది.

"నువ్వు చింపకపోయుంటే, అక్కా, ఆ కాగితం మీద మొదటి సంతకం నాదే."